ఈ రెండేళ్ళు కష్టపడితే చాలు... ఆ తర్వాత?

ఇవాళ సుఖం, కష్టం, త్యాగం, ఈ మూడింటి గురించి మాట్లాడుకుందాం. ప్రవచనం అనుకుని స్కిప్ కొట్టకండి. ఇందులో గ్రీకు దేశపు పెద్దాయన ఒకరున్నారు, అమెరికా చిన్నపిల్లలున్నారు, ఎలుకలున్నాయి, మా అమ్మ కూడా ఉంది.

ఒక మాటతో మొదలుపెడతాను. ఇంటర్ హాస్టల్లో చదివిన ప్రతి ఒక్కరూ ఈ మాట వినే ఉంటారు. "ఈ రెండేళ్ళు కష్టపడు. తర్వాత లైఫంతా సుఖమే."

నేనూ విన్నాను. పొద్దున్నే 5 గంటలకి వార్డెన్ వచ్చి మంచం మీద కర్రతో కొట్టేవాడు. లేచి మొహం కడుక్కుని, కళ్ళు మూసుకుపోతుంటే స్టడీ అవర్. రాత్రి పదిన్నర దాకా మళ్ళీ స్టడీ అవర్. ఇంటికి ఫోన్ వారానికి ఒక్కసారి, అది కూడా 5 నిమిషాలు, వెనకాల లైన్లో ఇరవై మంది. క్రికెట్ లేదు, సినిమా లేదు. వీక్లీ టెస్టులో మార్కులు తగ్గితే సెక్షన్ మార్చేసేవాళ్ళు. నిజం చెప్పాలంటే అప్పట్లో మాకు అది అన్యాయం అనిపించలేదు. ఎందుకంటే మాకొక బేరం చెప్పారు. ఇప్పుడు చిన్న సుఖం వదులుకో, తర్వాత పెద్ద సుఖం ఇస్తాం. బేరం బాగానే ఉంది కదా అనుకున్నాం.

రెండేళ్ళు అయిపోయాయి. ఇంజినీరింగ్‌లో చేరాను. "ఈ నాలుగేళ్ళు కష్టపడు, క్యాంపస్‌లో జాబ్ కొడితే సెటిల్ అయినట్టే" అన్నారు. జాబ్ వచ్చింది. "రెండు మూడేళ్ళు గట్టిగా పనిచెయ్, ఆన్‌సైట్ వస్తుంది" అన్నారు. తర్వాత పెళ్ళి, తర్వాత ఫ్లాట్, ఫ్లాటుకి 20 ఏళ్ళ ఈఎంఐ. మా పాత మేనేజర్‌కి అప్పటికే 46 ఏళ్ళు. ఆయన కూడా ఒకసారి టీ తాగుతూ అన్నాడు, "పిల్లలు సెటిల్ అయ్యేదాకా కష్టపడితే చాలు బ్రదర్, తర్వాత హాయిగా ఉండొచ్చు." ఆయన మొహం చూస్తే ఆ మాట ఆయన కూడా నమ్ముతున్నట్టు లేదు.

మరి ఆ బేరం అబద్ధమా? ఆపుకోవడం, వదులుకోవడం, ఓర్చుకోవడం, ఇవన్నీ వేస్టా? అంత తేలిగ్గా తేల్చేయలేం. ముందు ఈ బేరం మీద జరిగిన ఒక ఫేమస్ ప్రయోగం చూద్దాం.

1960ల చివర్లో, అమెరికాలో స్టాన్‌ఫర్డ్ యూనివర్సిటీ. వాల్టర్ మిషెల్ అనే సైకాలజిస్ట్. యూనివర్సిటీ నర్సరీ స్కూల్లో నాలుగైదేళ్ళ పిల్లల్ని ఒక్కొక్కర్నీ గదిలో కూర్చోబెట్టి ముందు ఒక స్వీటు పెట్టేవారు. మార్ష్‌మాలో అంటారు దాన్ని, తెల్లగా, దూదిలా మెత్తగా ఉండే తియ్యటి బిళ్ళ. "ఇప్పుడే కావాలంటే ఇదొక్కటే తిను. నేను తిరిగి వచ్చేదాకా ఆగితే రెండు ఇస్తాను" అని చెప్పి, పెద్దవాళ్ళు గదిలోంచి వెళ్ళిపోయేవారు. పిల్లల అవస్థ చూడాలి. కళ్ళు మూసుకునేవాళ్ళు, పాటలు పాడుకునేవాళ్ళు, అటు తిరిగి కూర్చునేవాళ్ళు. కొంతమంది అటు డోర్ పడగానే ఇటు నోట్లో వేసుకునేవాళ్ళు.

ఆ పిల్లలు పెద్దయ్యాక చూస్తే, ఎక్కువసేపు ఆగినవాళ్ళకి పరీక్షల్లో మార్కులు బాగా వచ్చాయని తేలింది. ఇంకేముంది! ప్రపంచమంతా పట్టేసుకుంది. ఆగినవాడే గెలుస్తాడు, ఆశపడినవాడు ఓడిపోతాడు. మోటివేషన్ స్పీకర్లందరికీ ఒక కథ దొరికింది. మా హాస్టల్లో కూడా ఒక లెక్చరర్ చెప్పాడు ఈ కథ, మధ్యాహ్నం భోజనానికి అరగంట లేట్ చేసి మరీ.

ఆయన చెప్పని సగం కథ తర్వాత వచ్చింది. 2018లో వేరే పరిశోధకులు దాదాపు 900 మంది పిల్లల లెక్కలు తీసి మళ్ళీ చూశారు. ఈసారి పిల్లల ఇళ్ళ పరిస్థితి కూడా లెక్కలో వేసుకున్నారు. తల్లి ఎంత చదువుకుంది, ఇంట్లో ఆదాయం ఎంత, ఇలాంటివన్నీ. అవి కలిపి చూస్తే ఆ స్వీటు మహిమ చాలావరకు కరిగిపోయింది. అంటే మనం పిల్లాడి గుణం అనుకున్నదాంట్లో చాలా భాగం పిల్లాడి ఇల్లు.

నాకు ఇంకా నచ్చింది 2013లో రోచెస్టర్ యూనివర్సిటీ వాళ్ళు చేసింది. చిన్న ప్రయోగం, 28 మంది పిల్లలే. స్వీటు పెట్టడానికి ముందు ఇంకో పని చేశారు. పిల్లలకి పాత క్రేయాన్లు ఇచ్చి, "కాసేపు ఆగితే ఇంకా మంచివి తెస్తాను" అన్నారు. సగం మందికి నిజంగానే తెచ్చారు. మిగతా సగం మంది దగ్గరికి ఉత్త చేతులతో వచ్చి, "సారీ, లేవు, వీటితోనే గీసుకో" అన్నారు. స్టిక్కర్లతో కూడా ఇదే పని మళ్ళీ చేశారు. ఆ తర్వాత స్వీటు పెట్టారు.

మాట నిలబెట్టుకున్న మనిషిని చూసిన పిల్లలు సగటున 12 నిమిషాలు ఆగారు. మాట తప్పిన మనిషిని చూసినవాళ్ళు 3 నిమిషాలు. అంతే.

ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. ఆ 3 నిమిషాల పిల్లలకి మనోబలం లేదా? వాళ్ళు తెలివిగా ఆలోచించారు. వీడు రెండుసార్లు హ్యాండిచ్చాడు, మూడోసారి ఇస్తాడని గ్యారంటీ ఏంటి? ఉన్నది తినేస్తే పోలా? రేపు మేస్త్రీ పనికి పిలుస్తాడో లేదో తెలియని కూలీ, ఇవాళ చేతిలో డబ్బుంటే పిల్లలకి బిర్యానీ ప్యాకెట్ కొనుక్కెళ్తాడు. "వీళ్ళకి పొదుపు తెలీదు" అని ఏసీ గదిలో కూర్చుని అనేవాళ్ళని నేను చాలామందిని చూశాను. పొదుపు అనేది రేపటి మీద నమ్మకం ఉన్నవాడు చేసే పని. రేపు ఎప్పుడూ మాట నిలబెట్టుకోని ఇంట్లో పుట్టినవాడికి ఆగడం నేర్పాలంటే, ముందు ఆ రేపు ఒకసారైనా రావాలి.

సరే. అయితే మీలో కొంతమంది ఇప్పటికే డిసైడ్ అయిపోయి ఉంటారు. "అదే కదా బ్రో, రేపు ఎవడు చూశాడు, ఉన్నదొక్కటే లైఫ్, ఎంజాయ్ చేసేద్దాం." ఈ మాట మనదేశంలో చాలా పాతది. చార్వాకులు అని ఉండేవాళ్ళు, లోకాయతులు అని కూడా అంటారు. పరలోకం లేదు, ఉన్నది ఈ జన్మే అన్నారు. వాళ్ళ పుస్తకాలు మనకి సరిగ్గా మిగల్లేదు. వాళ్ళ గురించి మనకి తెలిసింది ఎక్కువగా వాళ్ళని తిట్టినవాళ్ళు రాసిపెట్టిందే. అందుకే వాళ్ళ పేరు చెప్పగానే అప్పు చేసి నెయ్యి తాగే బ్యాచ్ అనుకుంటాం. కానీ ఆ తిట్టినవాళ్ళ రాతల్లోనే వాళ్ళ వాదన ఒకటి దొరుకుతుంది, చాలా మామూలు మాట. సుఖంలో కష్టం కలిసి ఉంటుంది నిజమే, అంతమాత్రాన సుఖాన్నే వదిలేస్తామా? ముళ్ళున్నాయని చేపని పారేస్తామా? పొట్టు ఉందని వడ్లు పారబోస్తామా? గోదావరి జిల్లాల వాళ్ళని అడగండి, పులసలో ఎన్ని ముళ్ళుంటాయో.

ఇలాగే చెడ్డపేరు మోసిన ఇంకొకాయన గ్రీసులో ఉన్నాడు. ఎపిక్యురస్. క్రీ.పూ. 341లో పుట్టాడు, 270లో పోయాడు. ఏథెన్స్ ఊరి బయట ఒక తోట కొనుక్కుని ఫ్రెండ్స్‌తో అక్కడే ఉండేవాడు. ఆ తోటే ఆయన స్కూలు. ఆడవాళ్ళనీ, బానిసల్నీ కూడా రానిచ్చేవాడు. ఆ రోజుల్లో అది మామూలు విషయం కాదు. ఆయన చెప్పిందేంటంటే, జీవితానికి సుఖమే లక్ష్యం, అందులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. ఊరంతా గుప్పుమంది. తోటలో ఏవేవో జరుగుతున్నాయని పుకార్లు. ఇప్పటికీ ఇంగ్లీషులో ఆయన పేరు మీదే ఒక మాట ఉంది, రుచులు మరిగిన తిండిపోతు అనే అర్థంలో.

మరి ఆ తోటలో ఏం తినేవాళ్ళో తెలుసా? రొట్టె, నీళ్ళు. అప్పుడప్పుడు కొంచెం వైన్. ఆయన ఒక ఫ్రెండుకి ఉత్తరం రాశాడు, నాకో చిన్న కుండలో చీజ్ పంపించు, ఎప్పుడైనా విందు చేసుకోవాలనిపిస్తే తింటాను అని. సుఖమే జీవితం అని చెప్పిన మనిషికి విందు అంటే ఒక చీజ్ ముక్క!

ఇదేం పిసినారితనం కాదు, దీని వెనక లెక్క ఉంది. ఆయన కోరికల్ని మూడు రకాలుగా చూశాడు. ఆకలికి తిండి, చలికి బట్ట, మాట్లాడుకోవడానికి మనిషి... ఇవి తీరకపోతే నొప్పి, తీరితే నొప్పి ఆగిపోతుంది. తీర్చడం కూడా పెద్ద కష్టం కాదు. రెండో రకం, అదే ఆకలికి నలభై రకాల వంటలు. ఉంటే మంచిదే, లేకపోతే చచ్చిపోం. మూడో రకం పేరు, అధికారం, అందరికంటే పైన ఉండటం. వీటికి అడుగు లేదు. ఎంత పోసినా నిండవు, ఎందుకంటే "చాలు" అని చెప్పే చోటే వాటిలో లేదు. ఆకలి చెబుతుంది చాలు అని. లైకులు చెప్పవు.

కాబట్టి ఎపిక్యురస్ వదులుకున్నాడు, చాలానే వదులుకున్నాడు. కానీ సుఖం పాపం అని వదులుకోలేదు. సుఖం కోసమే వదులుకున్నాడు. ఈ తేడా పట్టుకోండి. రోజూ రొట్టె తినేవాడికి చీజ్ ముక్క పండగ. రోజూ చీజ్ తినేవాడికి అది మామూలు టిఫిన్. ఆయన చివరి రోజున కిడ్నీలో రాళ్ళతో ఘోరమైన నొప్పిలో ఉండి ఒక ఉత్తరం రాశాడట. నొప్పి విపరీతంగా ఉంది, అయినా మనం కూర్చుని మాట్లాడుకున్న మాటలు గుర్తొస్తుంటే సంతోషంగానే ఉంది అని. పెద్ద ర్యాంకులు, పెద్ద ఇళ్ళు కాదు, కబుర్లు గుర్తుపెట్టుకున్నాడు ఆ చివరి రోజున.

ఇప్పుడు ఆ ఫోన్ దగ్గరికొద్దాం. దీని గురించి మాట్లాడకపోతే మీరు ఊరుకోరు.

1954లో కెనడాలో ఓల్డ్స్, మిల్నర్ అని ఇద్దరు సైంటిస్టులు ఎలుకల మెదడులో ఒక చోట సన్నటి తీగ పెట్టారు. ఎలుక మీట నొక్కితే అక్కడ చిన్న కరెంటు తగులుతుంది. ఎలుకలు నొక్కుతూనే ఉన్నాయి. ఆ తర్వాత చేసిన ప్రయోగాల్లో కొన్ని ఎలుకలైతే గంటకి వందలు, వేల సార్లు నొక్కాయి. ఆహా, సుఖం ఉండే చోటు దొరికింది అనుకున్నారు. ఆ తర్వాత డోపమైన్ అంటే సుఖపు రసాయనం అని ఒక మాట స్థిరపడిపోయింది. మీరూ ఏదో ఒక రీల్‌లో వినే ఉంటారు.

తర్వాత మిషిగన్ యూనివర్సిటీలో కెంట్ బెరిడ్జ్ అనే ఆయన వేరేలా చూశాడు. ఎలుకలకి నాలుక మీద పంచదార నీళ్ళు వేస్తే, చంటిపిల్లల్లాగే పెదాలు నాకుతాయి. ఇష్టమని మొహంలో తెలిసిపోతుంది. మెదడులో డోపమైన్ దాదాపు లేకుండా చేసిన ఎలుకల్ని తీసుకున్నారు. అవి తిండి దగ్గరికి కూడా వెళ్ళవు, పక్కనే పెట్టినా తినవు, నోట్లో పెట్టాల్సిందే. కానీ నాలుక మీద తీపి పడగానే పెదాలు నాకాయి, మామూలు ఎలుకల్లాగే. అంటే రుచి ఎక్కడికీ పోలేదు. "కావాలి" అనేది పోయింది.

కావాలి అనిపించడం వేరు, బాగుంది అనిపించడం వేరు. మెదడులో ఆ రెండూ వేరు వేరు పనులు. అర్ధరాత్రి 1 గంటకి మీ పరిస్థితి గుర్తు తెచ్చుకోండి. బొటనవేలు పైకి తోస్తూనే ఉంటుంది. ఇంకొకటి, ఇంకొకటి. "బాగుందా?" అని ఎవరైనా అడిగితే మీరే అంటారు, "ఏమో, ఏదో చూస్తున్నా." మరి మానెయ్యొచ్చుగా? మానలేం. అక్కడ సుఖం ఎక్కడుంది? కావాలి ఒక్కటే ఉంది. అందుకే నాకు ఈ "ఫోన్ సుఖానికి అలవాటు పడిపోయారు ఈ జనరేషన్" అనే మాట వింటే నవ్వొస్తుంది. సుఖపడితే ఏ గొడవా లేదండీ. సుఖపడకుండానే గంటలు పోతున్నాయి, బాధ అది. ఫోన్ పక్కన పెట్టి ఫ్రెండుతో కలిసి రోడ్డు పక్కన మిర్చి బజ్జీ తినడం సుఖాన్ని వదులుకోవడం కాదు, తెచ్చుకోవడం. ఎపిక్యురస్ ఉంటే బజ్జీకి ఓటేసేవాడు.

ఇంతవరకు నా సుఖం, నా కష్టం, నేను ఆపుకోవాలా వద్దా అనే మాట్లాడుకున్నాం. అసలు చిక్కు ఎక్కడంటే, త్యాగం గురించి ఎక్కువగా మాట్లాడేవాడు ఒకడు, చేసేవాళ్ళు వేరొకళ్ళు.

ఇంగ్లాండులో జెరెమీ బెంథామ్ అనే ఆలోచనాపరుడు 1789లో ఒక పుస్తకం వేశాడు. నీతి, చట్టం, అన్నీ సుఖదుఃఖాల లెక్కతోనే తేల్చాలన్నాడు. అందులో సుఖాన్ని ద్వేషించే సన్యాసి నీతి మీద ఒక అధ్యాయం ఉంది. ఒక తమాషా పాయింట్ లేవదీస్తాడు. తనని తాను బాధపెట్టుకోవడం గొప్ప అనుకున్నవాళ్ళు చాలామంది ఉన్నారు కానీ, ఎదుటివాళ్ళని బాధపెట్టడం పుణ్యం అని వాళ్ళలో ఎవరికీ తట్టినట్టు లేదు అంటాడు. బాధ అంత మంచిదైతే, ఎవరు ఎవరికి పెట్టినా మంచిదే కావాలి కదా అని ఆయన వెటకారం.

బెంథామ్‌కి మా రాజమండ్రి తెలీదు పాపం.

19వ శతాబ్దంలో మన దగ్గర, ముఖ్యంగా బ్రాహ్మణ కుటుంబాల్లో, ఐదారేళ్ళ పిల్లకి పెళ్ళి చేసేవాళ్ళు. మొగుడెవరో సరిగ్గా తెలియకముందే వాడు పోతే, ఆ పిల్ల విధవ. పెద్దమనిషి అయ్యాక తల గీయించాలి. రంగు చీర కట్టకూడదు, పూలు పెట్టకూడదు. ఒంటిపూట భోజనం. పెళ్ళిళ్ళకి, పేరంటాలకి ఎదురు రాకూడదు. దీన్ని ఎవరూ శిక్ష అనలేదు, వైరాగ్యం అన్నారు, నిష్ఠ అన్నారు. అదే ఇంట్లో భార్య పోయిన మగాడు ఏడాది తిరక్కుండా పదేళ్ళ పిల్లని చేసుకునేవాడు. ఆయనకి ఏ నిష్ఠా లేదు. పైగా ఆ ఒంటిపూట తినే పిల్ల ఇంటిల్లిపాదికీ వంట చేసేది, కూలి లేకుండా, జీవితమంతా. ఆ వైరాగ్యంలో ఎవరి పని చౌకగా జరిగిపోయిందో లెక్క వేసుకోండి.

విధవ మళ్ళీ పెళ్ళి చేసుకోవచ్చు అని చట్టం 1856లోనే వచ్చింది. కాగితం మీద వచ్చింది. మన దగ్గర మొదటి పెళ్ళి జరగడానికి ఇంకో 25 ఏళ్ళు పట్టింది. 1881 డిసెంబర్ 11న రాజమండ్రిలో కందుకూరి వీరేశలింగం గారు చేయించారు. కాకినాడ పైడా రామకృష్ణయ్య గారు డబ్బు సాయం చేశారు. ఆయన భార్య రాజ్యలక్ష్మమ్మ గారు పక్కన నిలబడ్డారు. వెలివేస్తామన్నారు. ఆ భయానికి వంటవాళ్ళు, పురోహితులు దొరకడమే కష్టమైంది. ఆలోచించండి, ఒక అమ్మాయి పెళ్ళి చేసుకుని సుఖపడితే ఊరికి ఏం నష్టం? ఎందుకంత భయం? ఒకళ్ళు వద్దంటే మిగతావాళ్ళు కూడా వద్దంటారు. అప్పుడు ఆ వంట ఎవరు చెయ్యాలి?

ఇది 140 ఏళ్ళ కిందటి మాట కదా అంటారు. మా అమ్మ గురించి చెప్తానన్నాను.

మా ఇంట్లో ఆదివారం కోడి కూర. నాన్నకి, నాకు, తమ్ముడికి వడ్డించి, అమ్మ చివర్లో తినేది. అప్పటికి గిన్నెలో మెడ ముక్క, రెండు ఎముకలు, పులుసు. "నాకు మెడ ముక్కే ఇష్టం రా" అనేది. నేను నమ్మాను. ఇరవై ఏళ్ళు నమ్మాను. జాబ్ వచ్చాక ఒకసారి రెస్టారెంటుకి తీసుకెళ్తే, ప్లేటులోంచి లెగ్ పీస్ తీసుకుంది. చాలా మామూలుగా తీసుకుంది, మాట్లాడుతూ మాట్లాడుతూ. నేనేం అనలేదు. ఏమంటాం?

మా అమ్మని ఎవరూ బలవంతపెట్టలేదు. అడిగితే ప్రేమతోనే చేశానంటుంది, అది నిజమే కూడా. మరి ఒక త్యాగం మనిషి తనంతట తాను చేసిందో, చుట్టూ ఉన్నవాళ్ళు చేయించిందో ఎలా తెలుస్తుంది? నేను చూసుకునేది ఒక్కటే. ఆ మనిషి ఇవాళ దాన్ని ఆపేస్తే ఏమవుతుంది? ఒక ఆదివారం మా అమ్మ ముందే కూర్చుని లెగ్ పీస్ వేసుకుని ఉంటే, మా నానమ్మ ఏమనేది? నాకు తెలుసు ఏమనేదో. మా అమ్మకి కూడా తెలుసు.

ఇదే ప్రశ్న పొట్టి శ్రీరాములు గారి దగ్గర వేసి చూడండి. 1952 అక్టోబర్ 19న మద్రాసులో నిరాహార దీక్ష మొదలుపెట్టారు, తెలుగువాళ్ళకి ప్రత్యేక రాష్ట్రం కావాలని. 58 రోజులు. డిసెంబర్ 15 రాత్రి ప్రాణం పోయింది. అంతకుముందు 1946లో నెల్లూరులో దళితుల ఆలయ ప్రవేశం కోసం కూడా దీక్ష చేసిన మనిషి. ఆ 58 రోజుల్లో ఏ రోజైనా ఒక గ్లాసు నిమ్మరసం తాగి లేచి ఉండొచ్చు. ఎవరూ వెలివేసేవాళ్ళు కాదు. ఆపెయ్యమని బతిమాలినవాళ్ళే ఉన్నారు. ఆయన చనిపోయిన నాలుగు రోజులకి ఢిల్లీ నుంచి రాష్ట్రం ప్రకటన వచ్చింది. నాకైతే ఆ మరణం తలుచుకుంటే గర్వం కంటే కోపం ఎక్కువ వస్తుంది, 58 రోజులు చూస్తూ కూర్చున్నవాళ్ళ మీద. కానీ ఆ ఆకలి మాత్రం పూర్తిగా ఆయనదే. ఆయన్ని ఎవరూ కూర్చోబెట్టలేదు.

రాజమండ్రి ఒంటిపూట భోజనం, శ్రీరాములు గారి నిరాహారం. బయటికి చూస్తే రెండూ ఆకలే. ఒకటి ఆపితే శిక్ష పడుతుంది. ఇంకోటి ఎప్పుడైనా ఆపొచ్చు, ఆయన ఆపలేదు. ఎపిక్యురస్ రొట్టె కూడా అంతే, చీజ్ కావాలనిపించిన రోజు ఉత్తరం రాసి తెప్పించుకున్నాడు.

మరి హాస్టల్? అక్కడ నేను ఆపగలిగేవాడినా? కట్టిన ఫీజు వెనక్కి రాదు. నాన్న చేసిన అప్పు ఉంది. ఊళ్ళో ఏమనుకుంటారో ఉంది. కాబట్టి అది నా త్యాగం అని చెప్పుకోను. అలాగని మొత్తం తిట్టను కూడా. మా రూమ్మేట్ ఒకడు, వాళ్ళ నాన్న కౌలు రైతు. ఆ రెండేళ్ళ వల్లే వాడి ఇంట్లో అప్పు తీరింది, చెల్లెలి చదువు అయింది. వాడి విషయంలో బేరం మాట నిలబెట్టుకుంది. అదే గదిలో ఇంకొకడు రెండో ఏడాది మధ్యలో ఇంటికి వెళ్ళిపోయాడు. వాడి పేరు అటెండెన్స్‌లోంచి కొట్టేశారు, వాడి గురించి ఎవరూ మళ్ళీ మాట్లాడలేదు. ఫ్లెక్సీల మీద రూమ్మేట్ లాంటివాళ్ళ ఫొటోలు వేస్తారు. రెండోవాడి ఫొటో ఎక్కడా ఉండదు. బేరం గురించి పిల్లలకి చెప్పేటప్పుడు ఇద్దరి కథా చెప్పాలి కదా.

మొన్న ఆదివారం మా పిన్ని కొడుకు హాస్టల్ నుంచి ఫోన్ చేశాడు. సెకండియర్. కాసేపు అదీ ఇదీ మాట్లాడి, "అన్నా, నిజం చెప్పు, తర్వాత సుఖంగా ఉంటుందా?" అన్నాడు. నేను ఉంటుందని అనలేకపోయాను. "ర్యాంకొస్తే మంచి కాలేజీ వస్తుంది రా, అంతవరకు నిజం. ఆ తర్వాత సుఖంగా ఉంటావా లేదా అనేది ఆ ర్యాంకు చేతిలో లేదు. రాకపోయినా ఇంకో దారి చూద్దాం, నేనున్నా" అన్నాను. కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత "సరే" అన్నాడు.

పిన్నికి ఫోన్ చేసి ఈ మాటే చెప్పాను. కొంచెం కోపమొచ్చింది. "ఇప్పుడు అలాంటి మాటలు చెప్తే వాడు చదువుతాడా?" అంది. "వాడు భయంతో చదువుతున్నాడు పిన్నీ, అది నీకు తెలుసుగా" అన్నాను. ఒప్పుకోలేదు గానీ ఫోన్ పెట్టేసే ముందు, "ఈ వారం అవుటింగ్ ఉందా వాడికి?" అని అడిగింది. ఉంది. వెళ్ళాం ఇద్దరం. బిర్యానీ తిన్నాడు, డబుల్ కా మీఠా రెండుసార్లు తెప్పించుకున్నాడు. ఫిజిక్స్ లెక్చరర్‌ని ఇమిటేట్ చేసి పిన్నిని తెగ నవ్వించాడు. సాయంత్రం 5 గంటలకి గేటు దగ్గర దింపేశాం. లోపలికి వెళ్తూ వెనక్కి తిరిగి, "పిల్లలకి కర్రీ పాయింట్ నుంచి చికెన్ ఫ్రై పంపించొచ్చా అమ్మా, మా రూములో ఆరుగురం" అన్నాడు. వార్డెన్ ఒప్పుకోలేదు, అది వేరే కథ.

మీ ఇంట్లో మెడ ముక్క ఎవరు తింటున్నారో కింద రాయండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.